దిండు గలేబులో ఎండు రొట్టెలు

ఉక్రెయిన్‌లోని ఖార్కివ్‌లో యుద్ధం మొదలైన రోజు నేను చేసిన మొదటి పని ఏటీఎం ముందు మూడు గంటలు నిలబడటం. 2022 ఫిబ్రవరి 24, గురువారం. తెల్లవారుజామున ఐదింటికి కిటికీ అద్దాలు గడగడ కొట్టుకుంటే ముగ్గురం ఒక్కసారే లేచి కూర్చున్నాం. గుంటూరు వాడు "ఉరుములురా" అన్నాడు. చుట్టూ మంచు పడి ఉంటే ఉరుములేంది అని కరీంనగర్ వాడు ఫోన్ తీశాడు. అరగంటలో వీధి నిండా బారులు. పెట్రోలు బంకు దగ్గర బారు, మందుల షాపు దగ్గర బారు. నాకు తోచింది ఒక్కటే, చేతిలో క్యాష్ ఉండాలి. చివరికి రెండు వేల హ్రివ్నియాలు జేబులో పెట్టుకుని, ఏదో సాధించినవాడిలా బిల్డింగ్ మెట్లెక్కుతుంటే కింది వాటా తలుపు బార్లా తెరిచి ఉంది.

లోపల బాబుష్కా స్నానాల తొట్టి నింపుతోంది. బాబుష్కా అంటే అవ్వ. తొట్టి ఒక్కటే కాదు. బకెట్లు, గిన్నెలు, గాజు సీసాలు, ఆఖరికి పూలకుండీకి నీళ్లు పోసే చెంబు కూడా అంచుదాకా నిండి ఉన్నాయి. కిటికీ అద్దాలకు అడ్డంగా, ఐమూలగా కాగితం పట్టీలు అంటించేసింది. అప్పటికి ఆవిడకి 87 ఏళ్లు. నన్ను చూసి అడిగింది: "సినోక్, నీళ్లు పట్టారా?"

సినోక్ అంటే 'చిన్నోడా' అన్నట్టు. పట్టలేదన్నాను. ఉప్పుందా, అగ్గిపెట్టెలున్నాయా, జ్వరం మందులున్నాయా అని వరసగా అడిగింది. జేబులో నోట్లు చూపించాను. ఆవిడ నవ్వలేదుగానీ, నవ్వాపుకున్నట్టు మాత్రం తెలిసింది.

ఈవిడతో అంతకుముందు మా సంబంధం అంత గొప్పదేం కాదు. మేం మూడో ఏడాది మెడిసిన్. హాస్టల్ తిండి పడక, అయిదంతస్తుల పాత బిల్డింగ్‌లో రెండో అంతస్తు ఫ్లాటు అద్దెకు తీసుకున్నాం. ఎండుమిర్చి పోపు వేసినప్పుడల్లా ఆవిడ తుమ్ముకుంటూ పైకొచ్చి తలుపు బాదేది. మేం సారీ చెప్పేవాళ్లం, మళ్లీ రెండ్రోజులకు పోపు వేసేవాళ్లం. ఒకసారి గోంగూర పచ్చడి రుచి చూపిస్తే మొహం చిట్లించి, మర్నాడు సీసా పట్టుకుని ఇంకాస్త పెట్టమని వచ్చింది. అంతే పరిచయం.

ముందే ఎందుకు వచ్చేయలేదని తర్వాత చాలామంది అడిగారు. అత్యవసరం కాని విద్యార్థులు తాత్కాలికంగా వెళ్లిపోవచ్చని మన ఎంబసీ ఫిబ్రవరి 15నే చెప్పింది, 20న మళ్లీ చెప్పింది. కానీ కాలేజీలో క్లాసులు జరుగుతూనే ఉన్నాయి. అటెండెన్స్ పోతే ఏడాది పోతుందన్న భయం. టికెట్ రేటు చూస్తే గుండె జారిపోయేది. ఇంటి మీద అప్పు తెచ్చి చదివించే నాన్నకి ఫోన్ చేసి, యుద్ధం వస్తుందేమో, మరో లక్ష పంపు అని ఎలా అడగను? పైగా ఖార్కివ్‌లో ఎవరూ నమ్మలేదు. రష్యా సరిహద్దు అక్కడికి నలభై కిలోమీటర్లు. మా వీధిలో అందరూ మాట్లాడేది రష్యనే. బాబుష్కా చెల్లెలి కొడుకు ఉండేది సరిహద్దు అవతలి బెల్గొరోద్‌లో. పండక్కి పిండివంటలు పంపుకునే దూరం.

ఆ సాయంత్రం అతను ఫోన్ చేశాడు. ఆవిడ స్పీకర్‌లో పెట్టింది. పిన్నీపెద్దమ్మల పిల్లల మాటలన్నీ అయ్యాక అతనన్నాడు, భయపడకండి, మావాళ్లు ఇళ్ల మీద వేయరు, మీకు టీవీలో అబద్ధాలు చెబుతున్నారు అని. అప్పుడే ఎక్కడో పడింది, గోడ అదిరింది. ఆవిడ ఫోన్ కిటికీ వైపు పెట్టి పట్టుకుంది, ఏమీ మాట్లాడకుండా. అతను "అలో, అలో" అంటూనే ఉన్నాడు.

చీకటి పడేసరికి అందరం పద్వాల్‌కి దిగాం. పద్వాల్ అంటే బిల్డింగ్ అడుగున ఉండే సెల్లార్. మన అపార్ట్‌మెంట్లలోలా కార్లు పెట్టే చోటు కాదు. తల వంచుకుని నడవాలి, నెత్తిమీద వేడినీళ్ల గొట్టాలు, కింద మట్టి. చెక్క తలుపులతో చిన్న చిన్న అరలు, వాటాకి ఒకటి. ఒక్కో అరలో బంగాళాదుంపల బస్తా, పాత సైకిలు, అటక మీద పడేసే సామాను లాంటివి. బాబుష్కా అర చూశాక కరీంనగర్ వాడు "వారీ, కిరాణా దుకాణమే పెట్టింది కదరా" అన్నాడు. నేల నుంచి కప్పుదాకా మూడు లీటర్ల గాజు సీసాలు. ఉప్పునీళ్లలో దోసకాయలు, టమాటాలు, క్యాబేజీ, ఎర్రటి పండ్ల రసం. ప్రతి మూత మీద పట్టీ అంటించి ఏడాది రాసి ఉంది. 2019, 2020, 2021. ఒంటరి మనిషి. ఇంత ఎవరు తింటారు అని అంతకుముందు అడిగి ఉంటే మేమే నవ్వుకునేవాళ్లం.

మొదటి రాత్రి ఆవిడ మాకు నేర్పినవి ఇప్పటికీ ఒంట్లో ఉన్నాయి. పైన ఫ్లాటులో ఉండాల్సి వస్తే మనకీ వీధికీ మధ్య రెండు గోడలుండాలి. ఒక గోడ దెబ్బ తింటుంది, రెండోది ముక్కల్ని ఆపుతుంది. అంటే పడక నడవాలో. బూట్లు విప్పి పడుకోవచ్చుగానీ, లేచిన వెంటనే కాలు పెట్టేలా వాటి మూతి తలవైపు ఉండాలి. పాస్‌పోర్టు సంచిలో కాదు, ఒంటి మీద ఉండాలి. రొట్టె కోసం వెళితే ముగ్గురూ ఒకే క్యూలో నిలబడొద్దు.

చప్పుళ్లు గుర్తుపట్టడం మాత్రం మనవడి భార్య నేర్పింది. మనవడు సైన్యానికి తోడుగా ఉండే దళంలో పేరు రాయించుకోవడానికి మొదటిరోజే వెళ్లిపోయాడు, ఆమె నాలుగేళ్ల కొడుకుతో ఇక్కడికి వచ్చేసింది. మనవైపు నుంచి వెళ్లేది 'వీఖద్', మన మీద పడేది 'ప్రిల్యోత్'. వెళ్లేది దభీమని కొట్టి ఆగిపోతుంది. వచ్చేదానికి ముందొక ఈల ఉంటుంది. మూడో రోజుకల్లా ఆ నాలుగేళ్లవాడు కూడా ఆడుకునే బొమ్మ మీంచి తల ఎత్తకుండానే "వీఖద్" అనేసి ఆట సాగించేవాడు.

ఈల అంటే కుక్కర్ కథ చెప్పాలి. కాస్త సద్దుమణిగినప్పుడు పైకెళ్లి గ్యాస్ మీద ఏదో ఒకటి వండుకుని కిందికి తెచ్చేవాళ్లం. మా దగ్గర అయిదు కిలోల బియ్యం, విశాఖ నుంచి మోసుకొచ్చిన ప్రెస్టీజ్ కుక్కర్ ఉన్నాయి. మొదటిసారి బియ్యం, బీట్‌రూట్ కలిపి పెట్టాను. మొదటి విజిల్ వచ్చింది. మెట్ల మీద ధడధడమని చప్పుడు, ఎవరో కేక, ఏదో గాజుది పగిలింది. తలుపు తీసి చూస్తే మూడో అంతస్తు ఆయన మెట్ల మీద బోర్లా పడుకుని తల మీద చేతులు పెట్టుకుని ఉన్నాడు. ఆయనకి ఏం చెప్పను? కుక్కర్ ఎత్తుకొచ్చి చూపించాను. ఆయన దాన్ని చాలాసేపు చూసి, నా తల మీద మెల్లగా ఒకటి మొట్టి వెళ్లిపోయాడు. ఆ రోజు నుంచి కుక్కర్ ఉత్త గిన్నె అయిపోయింది. దాని వెయిట్‌ని పిల్లాడికి ఇచ్చేశాం. వాడికి అది రాకెట్.

బాబుష్కా పాత సంగతులు అడిగితే చెప్పే మనిషి కాదు. నా రష్యన్ కూడా వార్డులో రోగుల కోసం నేర్చుకున్న రష్యన్. ఎక్కడ నొప్పి, ఎప్పటినుంచి, ముందు ఇలా వచ్చిందా, ఇంట్లో ఇంకెవరికైనా ఉందా. విచిత్రమేంటంటే ఆ నాలుగు ప్రశ్నలే సరిపోయాయి.

ముందు ఇలా వచ్చిందా అంటే, ఆరేళ్లప్పుడు అంది. 1941 అక్టోబరు 24న జర్మన్లు ఊళ్లోకి వచ్చారు. నాన్న అప్పటికే సైన్యంతో వెళ్లిపోయాడు, మళ్లీ రాలేదు. వచ్చిన కొద్దిరోజులకే నగరం నడిబొడ్డున బాల్కనీలకు మనుషుల్ని ఉరేశారు. రొట్టె కోసం ఆ వీధిలోంచే వెళ్లాలి. అమ్మ తన శాలువా కొంగు ఈవిడ తల మీద కప్పి, నా కాళ్లు చూసుకుంటూ నడువు అనేదట. అందుకని ఆవిడకి గుర్తున్నది అమ్మ బూట్లు, రాళ్ల మధ్య మంచు. కానీ బాల్కనీ ఉన్న ఫ్లాటు ఇస్తామంటే వద్దని ఈ కింది వాటా అడిగి తీసుకుందట, 1960ల్లో.

వాళ్ల పై అంతస్తులో ఒక యూదుల కుటుంబం ఉండేది. ఆ ఇంట్లో పిల్ల, ఈవిడ కలిసి ఆడుకునేవాళ్లు. డిసెంబరులో యూదులందరూ ట్రాక్టర్ల ఫ్యాక్టరీ పక్కన బారకాసులకు వెళ్లాలని ఆర్డరు వేశారు. వాళ్లు వెళుతూ వెళుతూ పిల్లి పిల్లని వీళ్లింట్లో ఇచ్చి వెళ్లారు, వచ్చాక తీసుకుంటామని. ఆ బారకాసుల నుంచి వాళ్లందరినీ ద్రొబీత్‌స్కీ యార్ అనే లోయకు తోలి చంపేశారు. సుమారు పదిహేను వేల మంది. 2022 మార్చి నెలాఖర్లో ఆ లోయ దగ్గరున్న స్మారక దీపస్తంభం కూడా షెల్లింగ్‌లో దెబ్బతింది. ఆ వార్త నేను విశాఖలో చదివాను. పిల్లి ఏమైంది అని ఆ రోజు అడిగాను. ఆవిడ నావైపు చూసి, "చలికాలం" అంది. అంతే.

ఆ చలికాలం ఊళ్లో తిండి లేదు. అమ్మ కుట్టుమిషన్ని మంచు మీద లాగే చెక్కబండి మీద పెట్టుకుని పల్లెలకు నడిచింది. దాన్నే వాళ్లు 'మేన' అంటారు, వస్తువిచ్చి గింజలు తెచ్చుకోవడం. తొమ్మిది రోజులకి తిరిగొచ్చింది, మిషను పోయి సగం బస్తా గోధుమలు వచ్చాయి. ఆ తొమ్మిది రోజులూ ఈవిడా, పెద్దమ్మ కూతురూ 'మకూఖా' తిని ఉన్నారు. అంటే పొద్దుతిరుగుడు గింజల నూనె తీశాక మిగిలే చెక్క. మా తెలగపిండి లాంటిదే, మా ఊళ్లో గేదెలకు పెడతాం అన్నాను. ఆవిడ ఆసక్తిగా, "గేదెలకు మంచిదేనా?" అని అడిగింది. ఆ పెద్దమ్మ కూతుర్ని తర్వాత జర్మనీకి పనికి పట్టుకుపోయారు, రైలెక్కించి.

మాకు పుస్తకాల్లో చదివితే ఆక్రమణ అంటే ఒకసారి వస్తారు, ఒకసారి పోతారు. ఖార్కివ్‌కి అలా కాలేదు. 1943 ఫిబ్రవరి 16న ఎర్రసైన్యం తిరిగొచ్చింది. జనం దాచిన జెండాలు బయటికి తీశారు, జర్మన్లతో ఎవరు తిరిగారో ఎవరు తిరగలేదో లెక్కలు చూసుకున్నారు. నెల తిరక్కుండా, మార్చి 15న, జర్మన్లు మళ్లీ వచ్చేశారు. ఆ నెలలో ఎవరు ఆనందంగా కనిపించారో వాళ్లు ఇప్పుడు దాక్కోవాలి. మళ్లీ ఆగస్టు 23 దాకా. అందుకే మా అమ్మ ఆగస్టులో కూడా జెండా తీయలేదు, శీతాకాలం దాటాక చూద్దాం అంది, అని చెప్పింది బాబుష్కా. ఇంట్లో ఇంకెవరికైనా అన్న ప్రశ్నకి జవాబు వాళ్లమ్మ. ఆమె 1933 కరువు కూడా చూసింది. అప్పుడు ఖార్కివే సోవియట్ ఉక్రెయిన్‌కి రాజధాని. పల్లెల నుంచి ఆకలితో నడిచొచ్చినవాళ్లు ఆ రాజధాని వీధుల్లోనే కూలిపోయేవాళ్లు. ఈ సీసాల మీద ఏడాది రాసే అలవాటు వాళ్లమ్మదేనట.

ఫిబ్రవరి 25 నుంచి మూడు రాత్రులు మేం మెట్రోలో పడుకున్నాం. మా దగ్గరి స్టేషన్ పేరు '23 సేర్ప్‌న్యా', అంటే ఆగస్టు 23. ఆ విముక్తి రోజు పేరే పెట్టారు. మూడేళ్లుగా రోజూ ఎక్కి దిగినా ఆ తేదీ ఏంటని నేనెప్పుడూ అడగలేదు. చలువరాయి నేల మీద దుప్పట్లు, ఆగిపోయిన రైలు పెట్టెల్లో ముసలివాళ్లు, పిల్లలు, కుక్కలు, పంజరంలో ఒక చిలక. ఫోన్ ఛార్జింగ్ కోసం క్యూ, టాయిలెట్ కోసం అంతకంటే పెద్ద క్యూ. 27న రష్యన్ బళ్లు ఊళ్లోకే వచ్చాయని, వీధుల్లో కాల్పులని చెప్పి మమ్మల్ని పైకి వెళ్లనివ్వలేదు. ఆ రాత్రికి వాళ్లని తరిమేశారు. మెట్రో భద్రమే, కానీ బాబుష్కా రానంది. మోకాళ్లు అన్ని మెట్లు దిగవు, దిగితే ఎక్కవు అంది. మేం 28న పద్వాల్‌కి తిరిగొచ్చేశాం. ఆవిడ కోసమని చెప్పుకున్నాంగానీ, నిజానికి సీసాల కోసం కూడా.

ఇక నానమ్మ. మాది విశాఖ కంచరపాలెం, బర్మా క్యాంపు. నానమ్మ 1944లో రంగూన్‌లో పుట్టింది, అప్పుడది జపాను వాళ్ల చేతిలో ఉంది. 1941 డిసెంబరు 23న జపాను విమానాలు రంగూన్ మీద బాంబులేస్తే, రేవులో పనిచేసే మా ముత్తాత పెళ్లాన్ని తీసుకుని కాలినడకన ఇండియాకి బయల్దేరి, దారిలో కలరా చూసి, సగంలో వెనక్కొచ్చేశాడట. నడిచినవాళ్లలో వేలమంది దారిలోనే పోయారు. మళ్లీ అరవైల్లో బర్మాలో సైనిక ప్రభుత్వం దుకాణాలు లాక్కుని మనవాళ్లని పొమ్మంటే, నానమ్మ ఓడెక్కి విశాఖ వచ్చింది. ఇదంతా మాకు చిన్నప్పుడు విని విని విసుగు పుట్టిన కథ. అన్నం పారేస్తే మొదలుపెట్టేది.

అక్కడ పొద్దున్న నాలుగున్నరకి, అంటే విశాఖలో ఎనిమిదింటికి, నానమ్మ రోజూ ఫోన్ చేసేది. అమ్మ ఏడుస్తుంది, నాన్న ఎంబసీ నంబర్లు చదువుతాడు. నానమ్మ మాత్రం, "ఏటి తింతన్నావు? ఉప్పుందేటిరా నీ కాడ?" అని అడిగేది. ఏటీఎం సంగతి చెబితే తిట్టింది. "నోట్లేటి సేసుకుంతావు? జపానోడి నోట్లు మా అమ్మ గోనెసంచుల్తో దాసింది. ఆడెల్లిపోయాక సిత్తుకాయితాలైపోనాయి."

బాబుష్కా పక్కనే ఉంది. ఎవరు, ఏమంటోంది అని అడిగింది. చెప్పాను. వీడియో పెట్టమంది. నడవాలో నెట్ వస్తుందని అక్కడికి వెళ్లి, రెండు గోడల మధ్య చాపేసుకుని కూర్చున్నాం. ఇద్దరూ ఒకరినొకరు కాసేపు చూసుకున్నారు. నానమ్మ కొంగు సర్దుకుంది, బాబుష్కా తలగుడ్డ సర్దుకుంది. నేను నా వార్డు రష్యన్‌తో దుబాసీ. నానమ్మ అడిగిన మొదటి ప్రశ్న, "ఆయమ్మకి బీపీ మాత్రలున్నాయేటి?" బాబుష్కా అడిగింది, మీరు దేంట్లో దాక్కున్నారు, మీకు పద్వాల్ ఉందా అని. నానమ్మ తను అప్పటికి పుట్టలేదని, పెరట్లో గొయ్యి తవ్వి పైన తాటాకులు, మట్టి వేశారని తన అమ్మ చెప్పిందని చెప్పింది. వానాకాలం నీళ్లు నిండేవి, పాములు దిగేవి. పాము అన్నమాటకి నాకు రష్యన్ రాక చేత్తో పాకించి చూపించాను. బాబుష్కా పడీపడీ నవ్వింది. ఆ వారంలో ఆవిడ నవ్వడం అదే చూశాను. తర్వాత పది నిమిషాలు ఉప్పులో ఊరేసిన వాటి గురించే. ఎన్ని రోజులు నిలవుంటుంది, ఎండ లేకపోతే ఎలా, వెల్లుల్లి ఎప్పుడు వేస్తారు. యుద్ధం ఎప్పుడు ఆగుతుందని ఇద్దరిలో ఎవరూ అడగలేదు.

మార్చి 1న పొద్దున్న ఎనిమిదింటికి ఫ్రీడం స్క్వేర్‌లో ప్రభుత్వ భవనం మీద మిస్సైల్ పడింది. మా బిల్డింగ్‌కి దూరమే, అయినా పద్వాల్ కప్పులోంచి సున్నం రాలింది. అదేరోజు సరుకుల కోసం షాపు ముందు నిలబడ్డ కర్ణాటక అబ్బాయి, మాలాంటి మెడికల్ స్టూడెంటే, షెల్లింగ్‌లో చనిపోయాడు. మా గ్రూపుల్లో పేరు వచ్చింది, ఫొటో వచ్చింది. గుంటూరు వాడు ఆ రోజు బయటికి వెళ్లాల్సిన వంతు. వాడు తెల్లారి నుంచి వేసుకున్న జర్కిన్ విప్పి మడతపెట్టి దాని మీద కూర్చున్నాడు. మధ్యాహ్నం దాకా ఎవరం మాట్లాడలేదు.

2వ తేదీ పొద్దున్న బయల్దేరాం. రెండు గంటలు నడిచి రైల్వేస్టేషన్‌కి వెళ్లాలి, పోలండ్ వైపున్న లివివ్‌కి రైలు పట్టుకోవాలి. అంతే ప్లాను. బాబుష్కా వంటింట్లోకి పిలిచింది. తలుపు వెనక మేకుకి తెల్లటి దిండు గలేబు వేలాడుతోంది, అంచుకి ఎర్రదారంతో కుట్టుపని. ఎలుకలు అందుకోకుండా అలా వేలాడదీస్తారు. దాన్నిండా సుఖారీలు. మిగిలిన రొట్టె ఎప్పుడూ పారేయకుండా ముక్కలు కోసి, ఓవెన్‌లో గలగలలాడేలా ఎండబెట్టి దాచినవి. సగం ఇంకో సంచిలోకి దులిపి, మిగతా సగం గలేబుతో సహా నా చేతిలో పెట్టింది. "కొరకొద్దు. బుగ్గన పెట్టుకో. కొరికితే నిమిషం, నానితే కిలోమీటరు."

మీరూ రండి అన్నాను. ఆ మాటని అనువాదం చేయడం కూడా అనవసరం అన్నట్టు చెయ్యి ఊపింది. మా బియ్యం, కుక్కర్, రెండు వేల హ్రివ్నియాల్లో మిగిలినవి అక్కడే వదిలేశాం. నోట్లు తిరిగివ్వబోయింది, పిల్లాడికి అన్నాను.

స్టేషన్‌లో ఇసుక వేస్తే రాలనంత జనం. ఆడవాళ్లు, పిల్లలు ముందు. మా వంతు రాలేదు, రెండు రైళ్లు మా కళ్లముందే కదిలాయి. మధ్యాహ్నం ఎంబసీ మెసేజ్ వచ్చింది. ఎలాగైనా వెంటనే ఖార్కివ్ వదిలేయండి, సాయంత్రం ఆరింటిలోగా పిసోచిన్‌కో, బబాయికో, బెజ్ల్యూదివ్కాకో చేరండి, బండి దొరక్కపోతే నడిచి వెళ్లండి అని. పిసోచిన్‌కి పదకొండు కిలోమీటర్లు. రోడ్డు పొడుగునా మనవాళ్ల బారు, బ్యాగులకు కర్రలు గుచ్చి కట్టిన త్రివర్ణ పతాకాలు. మంచు పడుతోంది. వెనక ఊళ్లో ఏదో పడినప్పుడల్లా బారంతా ఒక్కసారి వంగి మళ్లీ లేచేది. ఎవరో అమ్మాయి సూట్‌కేస్ చక్రం ఊడిపోతే దాన్ని అక్కడే తెరిచి, పుస్తకాలు రోడ్డు పక్కన పేర్చి పెట్టి, మూసుకుని నడిచింది. నా బుగ్గలో సుఖారీ. మొదట రాయిలా ఉంటుంది, తర్వాత పుల్లగా, ఆ తర్వాత రొట్టె అని తెలుస్తుంది. కిలోమీటరు లెక్క దాదాపు సరిపోయింది.

ఆ తర్వాతదంతా టీవీల్లో చూసినదే. పిసోచిన్‌లో మూడు రాత్రులు, రోజుకో గిన్నె సూపు, 5న బస్సులు, లివివ్, పోలండ్ సరిహద్దు, జెషూఫ్ నుంచి విమానం. ఆపరేషన్ గంగా కింద అలా దాదాపు 22,500 మంది వచ్చారట. ఢిల్లీలో గులాబీ పువ్వు ఇచ్చారు, రాష్ట్రం వాళ్లు విశాఖ టికెట్ ఇచ్చారు. తర్వాత నా చదువు ఏమైంది, ఏ దేశంలో పూర్తయింది అన్నది వేరే గోల, అదింకోసారి.

ఇంటికొచ్చాక అమ్మ బ్యాగులోంచి బట్టలన్నీ తీసి ఉతకడానికి వేసింది. నానమ్మ ఆ గలేబు పట్టుకుని కుట్టుపని వెలుతుర్లో పెట్టి చూసింది. అడుగున ఏడు ముక్కలు మిగిలాయి. ఒకటి టీలో ముంచి తింది. మిగతా ఆరు ఎవర్నీ తిననివ్వలేదు.

మే 24న ఖార్కివ్ మెట్రోలో రైళ్లు మళ్లీ తిరిగాయి. 2023 సెప్టెంబరులో మెట్రో స్టేషన్లలోనే పిల్లలకి క్లాసులు మొదలయ్యాయి. బాబుష్కా మునిమనవడు అక్కడే అక్షరాలు దిద్దాడు, నేల కింద. వాడి దగ్గర కుక్కర్ వెయిట్ ఇంకా ఉందట. 2024 మార్చి 22న కరెంటు ప్లాంట్ల మీద దాడి జరిగి ఊరంతా చీకటైపోయింది. నాలుగు రోజులు ఆవిడ ఫోన్ కలవలేదు. అయిదో రోజు ఆవిడే చేసింది, మనవడి కారు బ్యాటరీతో ఛార్జ్ చేసి. చీకట్లో మొహం సగమే కనిపిస్తోంది. బెల్గొరోద్ నుంచి ఫోన్ వస్తోందా అన్నాను. పుట్టినరోజుకి వచ్చింది, ఆరోగ్యం గురించి మాట్లాడుకున్నాం అంది.

తర్వాత అడిగింది, గలేబు ఉందా, పారేశారా? ఉందన్నాను. ఖాళీగానా? నాకు తెలియదు. ఫోన్ పట్టుకుని వంటింట్లోకి వెళ్లి తలుపు వెనక్కి తిప్పాను. నానమ్మ మేకు కొట్టి వేలాడదీసింది, మూతి బిగించి కట్టి. విప్పి చూపించాను. అడుగున ఆ ఆరు ముక్కలు ఒక కవర్లో, పైన నిండా అటుకులు.

ఆవిడ తెర దగ్గరికి జరిగి చూసి, "ఇవేంటి, నానితే ఎంతసేపు వస్తాయి?" అంది.